రాఫ్లీషియా: వేరులేని మహాపుష్పము

వేరు నీటిని పీల్చును, ఆకు సూర్యరశ్మి సాయమున ఆహారమును సిద్ధపరచునని మన విద్యార్థులు క్రింది తరగతులలోనే చదివియున్నారు. ఈ పాఠమునకు లోబడని పూలమొక్కల ప్రజాతి యొకటి గలదు. అది సుమత్రా, జావా, బోర్నియో, ఫిలిప్పైను దీవుల యడవులలోను, వానికి చేరువనున్న మలయా ద్వీపకల్పములోను పెరుగును. దానినిగూర్చి మేమిందు కొంత వ్రాయుచున్నాము.

1818వ సంవత్సరము మే నెలలో, సుమత్రాయందలి బెంకూలెను పాలకుడగు సర్ స్టాంఫర్డు రాఫిల్సు మన్నా నదీప్రాంతమున సంచారము చేయుచుండెను. ఆయనవెంట జోసెఫ్ ఆర్నాల్డను వైద్యుడుండెను. మలయా సేవకుడొకడు పరుగున వచ్చి, అడవిలో వింతపువ్వు గలదని ఆర్నాల్డును పిలిచెను. ఆ పువ్వు గజము వెడల్పును, సుమారు 15 పౌనుల బరువును గలిగియుండెను. లోకమునందలి పువ్వులలో నింతకంటె పెద్దది లేదు. ఆర్నాల్డు ఆ యేడే జ్వరముచే మరణించెను. 1820లో రాబర్టు బ్రౌను దీనినిగూర్చి లండనులోని లిన్నియను సంఘము నెదుట వ్యాసము చదివెను. ప్రజాతికి రాఫిల్సు పేరును, ఈ జాతికి ఆర్నాల్డు పేరును నిలిచినవి. ముందుగా చూచిన సేవకుని పేరు మాత్రము దానికి చేరలేదు. ఇండోనీషియావారు దీనిని ‘పద్మ రాక్షస’ యందురు. ఆ రెండు మాటలును మనకు క్రొత్తవి కావు.

ఈ మొక్కకు వేరు, కాండము, ఆకు లేవు. టెట్రాస్టిగ్మా అను అడవితీగ లోపల నూలుపోగులవలె వ్యాపించి, దాని రసముచేతనే జీవించును. ఆ తీగ ద్రాక్ష కుటుంబములోనిది. మన చేలగట్లపై ప్రాకు నల్లేరును ఆ కుటుంబమునకు జేరినదే. మన మామిడికొమ్మలపై కనబడు బదనికయు పరాన్నజీవియే. కాని దానికి పచ్చని యాకులుండుటచే కొంత యాహారమును తానే సమకూర్చుకొనును. రాఫ్లీషియా ఆపాటి పనియు చేయజాలదు.

మొగ్గ తీగబెరడును చీల్చుకొని వెలువడి, విచ్చుటకు అనేక మాసములు పట్టును. విచ్చిన పువ్వు వారము దినములలో నల్లబడి క్రుళ్లును. దాని దుర్వాసనకు మాంసమని భ్రమించి ఈగలు చేరును. అవియే మగపువ్వు పుప్పొడిని ఆడుపువ్వునకు చేర్చవలెను. రెండును దగ్గరదగ్గరగా ఒకే సమయమున విచ్చనిచో గింజలు కలుగవు.

తీగను నరికినచో పువ్వు పోవును. అడవిని నరికినచో తీగ పోవును. 2023లో ప్రకటింపబడిన పరిశోధన యొకటి 42 జాతులను పరిశీలించి, వానిలో 25 అంతరించిపోవు తీవ్రమైన యపాయమునందున్నవని తేల్చెను. వాని నివాసములలో చాలభాగమునకు రక్షణ లేదు. ఈ మొక్కను పెరికి వేరొకచోట నాటుదమన్న, పెరుకుటకు వేరే లేదు. కావున అడవిని నిలుపుటయే ముఖ్యోపాయము.

విద్యార్థులారా! ఈ సెలవులలో బదనిక పట్టిన యెండుకొమ్మ నొకదానిని నిలువున కోసి, రెండు కొయ్యలును కలిసినచోటును పరిశీలింపుడు. ఒక జీవము మరియొకదానిపై ఎంతగా నాధారపడియుండునో మీకే తెలియగలదు.