రాత్రంతా ఓవెన్‌లో టర్కీ



టర్కీ కోడిని పడుకునే ముందు ఓవెన్‌లో పెట్టి, వేడి బాగా తగ్గించి, తెల్లారేసరికి సిద్ధం చేసుకునే పద్ధతి అమెరికా ఇళ్లలో చాలాకాలంగా ఉంది. నవంబరు నాలుగో గురువారం థాంక్స్‌గివింగ్. ఆ రోజు ఇంట్లో ఉన్న ఒక్క ఓవెన్ కోసం గుమ్మడికాయ పై, చిలగడదుంపలు, బ్రెడ్ రోల్స్ అన్నీ వరసలో ఉంటాయి. టర్కీ పని రాత్రే ముగిస్తే పొద్దున ఓవెన్ ఖాళీ అవుతుందన్న ఆశలోంచే ఈ పద్ధతి పుట్టింది. 1947లో ‘లెట్స్ కుక్ ఇట్ రైట్’ అనే వంటల పుస్తకం రాసిన అడెల్ డేవిస్ లాంటివారు తక్కువ వేడి మీద ఎక్కువసేపు కాల్చడాన్ని గట్టిగా సమర్థించారు. మొదట గంటసేపు ఎక్కువ వేడి, తర్వాత రాత్రంతా 200 డిగ్రీల ఫారన్‌హీట్: ఇప్పటికీ చేతులు మారుతున్న వంట చీటీల్లో ఉండే లెక్క దాదాపు ఇదే.

అమెరికా వ్యవసాయ శాఖ మాత్రం దీన్ని ఒప్పుకోదు. ఓవెన్‌ను 325 డిగ్రీల కంటే, అంటే 163 సెల్సియస్ కంటే, తగ్గించి ఏ మాంసాన్నీ కాల్చకూడదని ఆ శాఖ నియమం. (ఇక్కడి నుంచి డిగ్రీలన్నీ ఫారన్‌హీట్‌లోనే. అక్కడి ఓవెన్ల మీద ఉండేవీ అవే.) నలభై ఏళ్లుగా ఇలాగే వండుతున్నాం, ఎవరికీ ఏమీ కాలేదనే ఇళ్లు చాలానే ఉన్నాయి. ఆ మాట అబద్ధం కాకపోవచ్చు. కానీ పదిహేనుమంది తినే బంతిలో చంటిపిల్లలు, ముసలివాళ్లు, కడుపుతో ఉన్నవాళ్లు ఉంటారు. అదృష్టం మీద వేసే లెక్క వాళ్ల విషయంలో పనికిరాదు.

పచ్చి టర్కీలో సాల్మొనెల్లా, కాంపిలోబాక్టర్ లాంటి సూక్ష్మజీవులు ఉండొచ్చు. 40 నుంచి 140 డిగ్రీల మధ్య ఇవి చురుగ్గా పెరుగుతాయి. అనువైన చోట ఇరవై నిమిషాలకే రెట్టింపవుతాయి. ఎలాగూ చివరికి బాగా ఉడుకుతుంది కదా, అన్నీ చస్తాయి కదా అనిపిస్తుంది. చచ్చేవి చస్తాయి. అయితే స్టెఫిలోకాకస్ వదిలే విషం ఆ తర్వాతి వేడికి విరగదు. క్లాస్ట్రీడియం పెర్ఫ్రింజెన్స్ విత్తులూ మామూలు వంట వేడిని తట్టుకుని నిలుస్తాయి. కాబట్టి చివరికి ఎంత వేడెక్కిందన్నదొక్కటే చాలదు, అక్కడికి చేరడానికి ఎంతసేపు పట్టిందన్నదీ చూడాలి. పద్నాలుగు పౌండ్ల (ఆరు కిలోల పైచిలుకు) పక్షిలో తొడ మొదలు దగ్గరి కీలు, కడుపు లోపలి గోడ అన్నిటికంటే ఆలస్యంగా వేడెక్కుతాయి. లోపల ఇంకా మంచు గడ్డ మిగిలి ఉంటే, మెడ, కార్జం పెట్టిన సంచి తీయడం మరచిపోతే ఆ ఆలస్యం గంటల్లోకి పోతుంది. మొదట గంటసేపు పెట్టే పెద్ద వేడి చర్మం మీదివాటిని చంపుతుందే తప్ప కీలు దాకా వెళ్లదు.

రాత్రంతా ఉడకడమే తప్పయితే హలీం మాటేమిటన్న ప్రశ్న తెలుగువాళ్లకు రావాలి. హలీం భట్టీ మీద గంటల తరబడి ఉడుకుతుంది. కాని అందులో మాంసం ముక్కలు నీళ్లలో, గోధుమల్లో మునిగి కుతకుతలాడుతూ ఉంటాయి. నీళ్లు, ఆవిరి వేడిని మాంసానికి వేగంగా అందిస్తాయి, పొడి గాలి అలా అందించలేదు. 200 డిగ్రీల ఓవెన్‌లో చెయ్యి పెట్టి పళ్లెం ఒకింత జరపవచ్చు. అదే వేడితో గిన్నెలోంచి లేచే ఆవిరి మీద చెయ్యి చాపితే బొబ్బ లేస్తుంది. స్లో కుక్కర్‌ను అదే శాఖ అనుమతించడానికీ కారణం ఇదే: కుండ గోడల నుంచి నేరుగా వేడి, బిగుతు మూత, లోపల ఆవిరి. అందులోనైనా పక్షిని పూర్తిగా పెట్టకూడదు. ముక్కలే పెట్టాలి, అవీ పూర్తిగా మంచు వదిలినవే అయి ఉండాలి. కుండ సగానికి తగ్గకుండా, మూడింట రెండు వంతులు దాటకుండా నింపి, మొదటి గంట ‘హై’ మీద ఉంచి తర్వాత ‘లో’కి మార్చాలి.

తక్కువ వేడికి ఒక గొప్ప గుణం ఉందన్నదీ నిజమే. వేడి నెమ్మదిగా ఎక్కితే పై మాంసం ఎండిపోకుండా లోపలిదాకా ఒకే తీరున ఉడుకుతుంది. కాళ్లలో ఉండే కొలాజెన్ కరిగి జిగురుగా మారడానికి సమయం చిక్కుతుంది. అయితే రొమ్ము మాంసంలో ఆ కొలాజెన్ తక్కువ. దానికి రాత్రంతా వేడి తగలడం వల్ల ఒరిగేది లేదు, పీచుపీచుగా పొడారిపోతుంది. చర్మం కూడా 200 దగ్గర ఎర్రబడదు, తోలులా సాగుతుంది. ఓపికగా వండాలన్న కోరిక ఉంటే కాళ్లను విడిగా కొని, ఉల్లిపాయలు, అల్లం వెల్లుల్లి, టమాటాలతో స్లో కుక్కర్‌లో రాత్రికి పెట్టడం మేలు. ఎముక నుంచి ఊడివచ్చే ఆ కూర ముందు పూర్తి పక్షి రుచి కూడా వెనకబడుతుంది.

యంత్రాల సంగతి ఒకటుంది. అమెరికాలో చాలా ఓవెన్లు పన్నెండు గంటలు కాగానే వాటంతట అవే ఆగిపోతాయి. రాత్రి తొమ్మిదికి పెట్టినది పొద్దున తొమ్మిదికి ఆగితే, లేచి చూసేదాకా ఎవరికీ తెలియదు.

అసలు రాత్రంతా వండాల్సిన అవసరమే లేదు. కడుపులో ఏమీ కూరని పద్నాలుగు పౌండ్ల టర్కీ 325 డిగ్రీల దగ్గర మూడున్నర నుంచి నాలుగు గంటల్లో అవుతుంది. పదకొండింటికి ఓవెన్‌లోకి వెళితే మూడింటికల్లా బయటికొస్తుంది. ఇరవై నిమిషాలు కదపకుండా వదిలేసి కోస్తే నాలుగింటి భోజనానికి అందుతుంది. ఆ ఇరవై నిమిషాల్లో, ఆ తర్వాతా ఓవెన్ ఖాళీయే. రోల్స్, చిలగడదుంపలు అప్పుడు వేడి చేసుకోవచ్చు. పై ముందురోజు చేసుకున్నా చెడేదేమీ లేదు.

రాత్రులు నిజంగా ఉపయోగపడేది మంచు వదిలించడానికీ ఉప్పు పట్టించడానికీ. ఫ్రిజ్‌లో ప్రతి నాలుగైదు పౌండ్లకు ఒక రోజు చొప్పున పడుతుంది కాబట్టి గురువారం వండాల్సిన పద్నాలుగు పౌండ్ల పక్షిని శనివారం రాత్రికో ఆదివారం పొద్దున్నకో ఫ్రీజర్‌లోంచి కిందికి దించాలి. కింద లోతైన పళ్లెం పెట్టాలి, నీళ్లు కారతాయి. బుధవారానికీ గట్టిగానే ఉంటే కవర్ విప్పకుండా చన్నీళ్లలో ముంచి, అరగంటకోసారి నీళ్లు మార్చాలి. పౌండుకు అరగంట లెక్క. గట్టు మీద వదిలేయడం, వేణ్ణీళ్లు పోయడం రెండూ పనికిరావు. సింకులో కడగడం మన అలవాటే గాని, ఆ చుక్కలు పక్కనున్న కొత్తిమీర కట్ట మీదా పడతాయి. కాగితం తువ్వాలుతో ఒత్తితే చాలు.

మంచు వదిలిన పక్షికి ఐదు పౌండ్లకు ఒక టేబుల్ స్పూను చొప్పున కోషర్ ఉప్పు, మామూలు సన్న ఉప్పయితే సగం, లోపలా బయటా రాసి మూత లేకుండా ఫ్రిజ్‌లో ఉంచాలి. ముందు ఉప్పు నీళ్లను లాగుతుంది, తర్వాత అదే ఉప్పునీరు మాంసంలోకి ఇంకుతుంది. పొద్దునకు చర్మం కాగితంలా ఆరి ఉంటుంది, కరకరలాడేది దానివల్లే. కవర్ మీద ఉప్పు ద్రావణం ఎక్కించినట్టు రాసి ఉంటే మళ్లీ ఉప్పు పెట్టడం వృథా, ఒక్కోసారి నోట పెట్టలేనంత అవుతుంది. అల్లం వెల్లుల్లి, కారం, గరం మసాలా, పెరుగు వేయాలనుకుంటే చర్మం కింద వేళ్లు పోనిచ్చి రొమ్ము మీద మెత్తాలి. పైన పూస్తే రెండో గంటకే మాడి చేదెక్కుతాయి. పసుపు ఎంత వేసినా అది థర్మామీటర్ చేసే పని చెయ్యదు. బిర్యానీ అన్నం కడుపులో కూరడం చూడముచ్చటే కాని, అది కూడా 165 దాకా వేడెక్కేసరికి రొమ్ము పిండైపోతుంది. అన్నం విడిగా వండుకోవడమే నయం.

ఉడికిందా లేదా అన్నది రంగు చూసి తేల్చకూడదు. ఎముక దగ్గర గులాబీరంగు పూర్తిగా ఉడికిన మాంసంలోనూ ఉంటుంది. కొన్ని పక్షులకు గుచ్చి వచ్చే పాప్-అప్ టైమర్‌ను ఒక్కదాన్నే నమ్మకూడదు. తొడ లోపలి భాగంలో, రెక్క మొదట్లో, రొమ్ము మందంగా ఉన్నచోట థర్మామీటరు ముల్లు ఎముకకు తగలకుండా గుచ్చితే మూడుచోట్లా 165 చూపాలి. తొడ 175 దాటినా రుచే. రొమ్ము ముందుగా ఎర్రబడితే దాని మీద ఫాయిల్ కప్పాలి.

మిగిలిన మాంసాన్ని వండిన రెండు గంటల్లోపే ఎముకల నుంచి తీసి, లోతు లేని డబ్బాల్లో ఫ్రిజ్‌లో పెడితే మూడు నాలుగు రోజులు ఉంటుంది. ఎముకల గూడును మాత్రం ఆ రాత్రి స్లో కుక్కర్‌లో వేసి, మునిగేదాకా నీళ్లు పోసి, నాలుగు మిరియాలు, ఒక ఉల్లిపాయ వేసి ‘లో’ మీద వదిలేయవచ్చు. పొద్దున వడకట్టి, వెడల్పు గిన్నెల్లో త్వరగా చల్లార్చి ఫ్రిజ్‌లో పెట్టాలి. మర్నాడు అది గడ్డ పెరుగులా బిగుసుకుంటే బాగా దిగినట్టే. చారుకైనా పలావుకైనా వాడేముందు ఒకసారి తెర్లనివ్వాలి.