కౌర్నా భాష మరల పలుకుట

భాషాపాఠములో "మృతభాష" యను మాట వచ్చినప్పుడెల్ల, చచ్చిన భాష మరల బ్రతుకునా యని విద్యార్థులు నన్నడుగుచుందురు. దానికి సూత్రముకంటె నొక యుదాహరణము మేలు.

ఆస్ట్రేలియా ఖండమున దక్షిణపుదిక్కున ఆడిలెయిడు అను పట్టణము గలదు. ఆ మైదానము కౌర్నా లను ఆదిమజాతివారి దేశము. వారి భాషకును అదియే పేరు. 1838వ సంవత్సరమున టైకెల్‌మన్, షూర్‌మన్ అను ఇద్దఱు జర్మను మిషనరీలు అచ్చటికి వచ్చి, ముందు తామే శిష్యులై ఆ జనులయొద్ద వారి భాషను నేర్చుకొనిరి. మఱుసటి యేఁట నదియొడ్డున బడి పెట్టి, ఇంగ్లీషున గాక కౌర్నాలోనే చదువుటయు వ్రాయుటయు నేర్పిరి. 1840లో వ్యాకరణముతోఁగూడ సుమారు 2,000 మాటల పట్టిక నచ్చువేసిరి. బడిపిల్లలు తమ భాషలో వ్రాసి జర్మనీకి పంపిన జాబులు కొన్ని నేఁటికిని నిలిచియున్నవి. కాని 1845లో ప్రభుత్వమువారు ఆ బడిని మూసి, పిల్లలను ఇంగ్లీషు బడికి మార్చిరి. కొలఁది దశాబ్దములలోనే ఆ భాష యిండ్లలో వినఁబడుట మానెను. దాని నెఱిఁగినవారిలో కడపటిదిగా చెప్పఁబడు ఇవారిట్జి యను వృద్ధురాలు 1929లో మరణించెను.

మిషను బడులన్నియు ఆ యిద్దఱి త్రోవ త్రొక్కలేదు. ఆ ఖండమున పెక్కుచోట్ల తల్లిభాష పలికిన పిల్లలను మిషను బడులలోనే దండించిరి. మన పత్రికలో ఈ మాట వ్రాయుట కష్టమే; అయినను దాఁచరాదు. నా చిన్ననాఁడు మా తరగతిలో నొక సవర బాలుఁడు తొందరలో తన యింటిమాట పలుకఁగా నవ్వినవారిలో నేనొకఁడను. ఆ సంవత్సరమంతయు నతఁడు తరగతిలో నోరు తెఱవలేదు.

1990 ప్రాంతమున కౌర్నా వంశీయులు, రాబ్ ఏమరీ యను భాషాశాస్త్రజ్ఞుని తోడ్పాటుతో, ఆ పాత పుస్తకమును మరల తెఱచిరి. మొదట పాటలు కట్టిరి. పిమ్మట బడిలో నేర్పిరి. 2002లో నొక సంఘము నేర్పఱచుకొనిరి. దూరదేశములందలి వ్రాఁతప్రతులలో చెదరియున్న మాటలను కంప్యూటరునం దొకచోట చేర్చుటచే, ఒక మాటను ఎవరెవరు ఎట్లెట్లు వ్రాసిరో ప్రక్కప్రక్కను పోల్చిచూచుట సులభమయ్యెను. ఇప్పుడు పిల్లలకొఱకు బొమ్మలు కౌర్నాలో మాటలాడు చలనచిత్రములు ఇంటర్నెట్టులో నున్నవి.

చిక్కంతయు ఉచ్చారణమున వచ్చినది. తల్లియొడిలో ఆ భాష నేర్చినవారి కంఠము ఏ యంత్రమునందును నిలువలేదు. కౌర్నాలో రేఫములు మూఁడు; జర్మను చెవికి ఆ భేదము సరిగా తెలియలేదు. మన ర, ఱ లను నేఁడు మీరెల్ల నొక్కటిగా పలుకుచు, వ్రాఁతలో తప్పులు చేయుచుందురు గదా! అట్టి తబ్బిబ్బే యిదియు. కావున ఇరుగుపొరుగు భాషలలో వృద్ధులు పలుకఁగా పట్టిన ధ్వనులతో పోల్చి, ఈ మాట ఇట్లుండి యుండవచ్చునని నిర్ణయించి, 2010లో వ్రాఁతపద్ధతిని దిద్దుకొనిరి. యంత్రము పోలికలను చూపెను. ఏది తమ పలుకో తేల్చినవారు ఆ జనులే.

1840 నాఁటి పట్టికలో క్రొత్త వస్తువులకు పేర్లు ఎక్కడివి? మెఱుపు, మెదడు అను రెండు పాతమాటలను కూర్చి కంప్యూటరునకు సమాసము చేసిరి. మాటను పంపునది యని టెలిఫోనునకు పేరు పెట్టిరి. అరువు తెచ్చుకొనుటకంటె ఇది నాకు ముచ్చటగా తోఁచుచున్నది.

వారు ఒకరినొకరు "నిన్నా మర్ని" యని పలుకరింతురు; నీవు బాగుగా నున్నావా యని యర్థము. "నిన్నా" యన్నది మన "నిన్ను"వలె వినఁబడుటచేత తొందరపడవలదు. ఆస్ట్రేలియా భాషల సర్వనామములకును ద్రావిడభాషల సర్వనామములకును పోలిక గలదని కాల్డ్వెల్ దొరగారు 19వ శతాబ్దిలోనే వ్రాసిరి. నేఁటి పండితులు దానిని చుట్టఱికమునకు చాలిన సాక్ష్యముగా నొప్పుకొనరు.

ఇన్ని పరికరములున్నను, ఇంట కౌర్నా వినుచు పెరుగు శిశువులు మిక్కిలి యరుదు. ఆ భాషను పెద్దయైన పిదప నేర్చుకొన్న యొక కౌర్నా ఉపాధ్యాయుఁడు, తన కుమార్తె పుట్టినది మొదలు ఆమెతో ఆ భాషనే పలుకుచు పెంచెను.