స్టూలు వచ్చిందా?

చెన్నై టి. నగర్‌లో గది అద్దెకు తీసుకుని, జీతంలో మిగిలిన డబ్బుతో వర్తమాన విషయాల మీద షార్ట్ ఫిల్ములు తీయాలనుకుంటున్నారా? తీయండి. కానీ బ్రేకింగ్ న్యూస్ వెంట పరిగెత్తకండి. 2017 మే 31న అక్కడి ఉస్మాన్ రోడ్డులో చెన్నై సిల్క్స్ బట్టల దుకాణం భవనం తగలబడినప్పుడు ఛానళ్ల కెమెరాలన్నీ అక్కడే ఉన్నాయి. ఆ పోటీలో మీరు గెలవలేరు, గెలవక్కర్లేదు కూడా. వాళ్లంతా వెళ్లిపోయాక మిగిలే ప్రశ్నను పట్టుకోండి.

దగ్గర్లోని రంగనాథన్ వీధికే వెళ్లండి. నెల్లూరు నుంచీ తిరుపతి నుంచీ మనవాళ్లు పెళ్లిబట్టలకు వచ్చే వీధి. అక్కడి బట్టల దుకాణాల్లో పొద్దస్తమానం నిలబడే పిల్లల బతుకును దర్శకుడు వసంతబాలన్ 2010లో ‘అంగాడి తెరు’ సినిమాగా తీశారు. 2021లో తమిళనాడు దుకాణాల చట్టాన్ని సవరించింది: దుకాణాల్లో పనిచేసేవాళ్లకు కూర్చునే వసతి ఉండి తీరాలి. ఆ నాలుగు రోజులూ వార్త. తర్వాత?

స్టూలు వచ్చిందా? వస్తే, బేరం లేనప్పుడైనా కూర్చోనిస్తున్నారా? సూపర్‌వైజరు అటుగా వస్తే, కూర్చున్న అమ్మాయి లేచి నిలబడుతోందా? రాత్రి గదికి చేరేసరికి కాళ్లు ఎలా ఉంటున్నాయి? ఎనిమిది నిమిషాల సినిమాకు ఇది చాలు. ఇందులో ఇంకో సమస్య ఇరికించకండి. మొదటి సినిమాలు ఎక్కువగా చెడిపోయేది ఆ ఆత్రంతోనే అని నా నమ్మకం.

ఇలా ఓపిగ్గా తీయడం ఎలాగో తెలియాలంటే డాక్యుమెంటరీ దర్శకురాలు దీపా ధన్‌రాజ్ సినిమాలు వెతికి చూడండి. హైదరాబాద్‌లో పుట్టిన మనిషి. 1980లో మిత్రులతో కలిసి ‘యుగాంతర్’ చిత్ర బృందాన్ని కట్టారు. పుణెలో ఇళ్లలో పనిచేసే ఆడవాళ్ల మీద, నిపాణి పొగాకు కార్మికుల మీద ఆ బృందం తీసిన చిత్రాలు వాళ్లతో కలిసి తీసినవే. 1983లో హైదరాబాద్ మహిళా బృందం స్త్రీశక్తి సంఘటనతో కలిసి, ఇంట్లో ఆడవాళ్లు పడే హింస మీద ‘ఇది కథ మాత్రమేనా’ తీశారు. 1984 హైదరాబాద్ మత కల్లోలాల మీద చిత్రం 1986లో వచ్చింది. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల 2016 జనవరిలో మరణిస్తే, దాని మీద దీపా చిత్రం 2018లో వచ్చింది. రెండేళ్లు! మీరు రెండు వారాలకే నీరసపడితే ఎలా?

ఇక పని సంగతి. దుకాణంలో కెమెరా తీయకండి, ఉద్యోగం పోయేది ఆ అమ్మాయికి. మాంబళం స్టేషన్ దారిలోనో, సెలవునాడు వాళ్లుండే హాస్టల్ దగ్గరో మాట్లాడండి. మొదటిరోజే ఫోన్ బయటికి తీయొద్దు. ముఖం వద్దంటే చేతులు, పాదాలు తీయండి. చేతిలో డబ్బుంటే ముందు మంచి మైకు కొనండి, ఆ వీధి రొదలో మాట వినబడకపోతే సినిమాయే లేదు. నెలకింత అని జీతంలోంచి పక్కన పెట్టండి, అప్పు మాత్రం చేయకండి.

ఎడిటింగ్ కాగానే మొదట ఆ అమ్మాయిలకే చూపించండి. ‘నా గొంతు గుర్తుపడతారన్నా’ అని ఎవరైనా అంటే ఆ ముక్క తీసేసి, ఆ మాటలు ఇంకొకరి చేత చెప్పించి, మళ్లీ చూపించండి. అప్‌లోడ్ ఆ తర్వాతే.