నవ్వుకు చోటు వదిలే పని

తమ్ముళ్ళూ, ఈ పాఠం పరీక్షకు రాదు. అయినా చదవండి.

మేము హాస్టల్లో ఉన్న రోజుల్లో ఆదివారం టీవీ ముందు వంద మందిమి దాకా కూర్చునేవాళ్ళం. 'అదుర్స్' (2010)లో చారి, భట్టు సీన్లు వస్తే పైకప్పు ఎగిరిపోయేది. అంత గోలలోనూ తర్వాతి డైలాగు ఎలా వినపడేదో అప్పుడు ఆలోచించలేదు. మనం నవ్వి ఊరుకునే దాకా సీను ఆగేలా చూసేవారొకరు ఉంటారు. ఆయనే ఎడిటర్. ఆ సినిమాకు ఎడిటర్ గౌతంరాజు గారు. 'కిక్' (2009), 'రేసుగుర్రం' (2014) కూడా ఆయనవే. 2022 జూలై 6న కన్నుమూశారు. బ్రహ్మానందం గారి పేరు తెలియని పిల్లవాడు నల్గొండ, పాలమూరు జిల్లాల్లో ఉండడు. గౌతంరాజు గారి పేరు మాకు డిగ్రీ అయ్యాక తెలిసింది.

ఎడిటింగ్ అంటే కత్తిరించడమని అందరూ అంటారు. మన సినిమా టైటిల్సులో పూర్వం నుంచి వేసే మాట 'కూర్పు'. ఇంట్లో "ఎడిటింగ్" అని చెబితే "దర్జీ పనా బిడ్డా?" అని అడిగింది అమ్మ. పాత చీరల ముక్కలు వరుసగా పెట్టి బొంత కుట్టినట్టు అని చెబితే వెంటనే అర్థమైంది.

ఒక ఉదాహరణ చూద్దాం. మెస్సులో వార్డెన్ సార్ అడుగుతారు: "అన్నం ఎందుకు మిగిలిందిరా?" పిల్లవాడంటాడు: "కూర మిగల్లే సార్." మన దగ్గర మూడు ముక్కలున్నాయి: పిల్లవాడి ముఖం, సార్ ముఖం, వెనుక గరిటె పట్టుకున్న వంటాయన ముఖం. మాట కాగానే సార్ తిట్లు పెడితే నవ్వు చచ్చిపోతుంది. మాట చూసేవాడి బుర్రకెక్కడానికే అర సెకను కావాలి. సినిమాకు సెకనుకు 24 ఫ్రేములు, అంటే 12 ఫ్రేములు పిల్లవాడి మీదే ఆగాలి. తర్వాత వంటాయన మెల్లగా గరిటె దించడం. నవ్వు అక్కడ వస్తుంది. సార్ తిట్లు ఆ తర్వాతే. మాట మారలేదు, వరుస మారింది. అయితే వంటాయన మీద మరీ ఎక్కువసేపు ఆగితే మళ్ళీ చప్పబడుతుంది. ఎంత ఆగాలో ఏ గైడులోనూ ఉండదు.

టీవీలో ఈ విద్యకు బాట వేసినవారిలో అమెరికాకు చెందిన డాన్ కాన్ ఒకరు. 1951లో మొదలైన 'ఐ లవ్ లూసీ' హాస్య ధారావాహికకు ఆయన ఎడిటర్. ఎదురుగా ప్రేక్షకులను కూర్చోబెట్టి, మూడు కెమెరాలతో ఫిల్ము మీద తీసేవారు. మూడు ఫిల్ములూ పక్కపక్కన చూడడానికి మూవియోలా యంత్రానికి మూడు తెరలు అమర్చారు. దానికి 'మూడు తలల రాకాసి' అని పేరు పెట్టుకున్నారు. నిజమైన జనం నవ్విన చప్పుడు ఆ కూర్పులో ఉంది. (ఇప్పటి షోలలో డబ్బాలోంచి తీసి పోసే నవ్వు మాకు నచ్చదు. మనం నవ్వకముందే అది నవ్వేస్తుంది.) కాన్ తండ్రి కూడా ఎడిటరే. కాన్ కింద అసిస్టెంటుగా చేసిన బడ్ మోలిన్ తర్వాత తానూ ఎడిటరై, 'ది డిక్ వాన్ డైక్ షో' (1961–66) కూర్చారు.

అసిస్టెంటు దారి మనవాళ్ళకు అంత సులువు కాదు. మాతో చదివిన అచ్చంపేట వైపు మిత్రుడొకడు హైదరాబాదులో ఒక ఎడిటింగ్ గదిలో చేరాడు. ఆరు నెలలు జీతం లేదన్నారు. వాళ్ళ నాన్న బొంబాయి పనికి పోయి ఉన్నాడు, ఇంటికి ఎంతో కొంత పంపాలి. నలభై రోజులకు తిరిగొచ్చి, స్కాలర్‌షిప్పన్నా వస్తుందని మాతో పీజీలో చేరాడు. పైన చెప్పిన మెస్సు పాఠం ఆ నలభై రోజుల్లో వాడు నేర్చుకొచ్చిందే.

ఇంకో దారి ఉందని మాకెవరూ చెప్పలేదు, మీకు చెబుతున్నాం. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (1960), కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ (1995) కేంద్ర ప్రభుత్వానివి. ఏ డిగ్రీ ఉన్నా ఎడిటింగ్ కోర్సుకు ప్రవేశ పరీక్ష రాయవచ్చు. రిజర్వేషన్ ఉంది. ఫీజు మాత్రం ముందే విచారించుకోండి.

మా మిత్రుడు ఈసారి వార్షికోత్సవం వీడియో ఫోనులోనే కూర్చాడు. వార్డెన్ సార్ ప్రసంగం ఇరవై నిమిషాలుంటే మూడు నిమిషాలకు తెచ్చాడు. ఏమేం పోయిందో సార్‌కు ఇంకా తెలియదు.