పారిజాతానికి టైమ్ ఎవరు చెప్పారు?

సత్యభామ కోసం కృష్ణుడు పారిజాతాన్ని తెచ్చింది ఇంద్రుడి నందనవనం నుంచి. అలాంటి తోట నిజంగా ఉంటుందా అని అడిగితే, మా జూలూరుపాడు అడవి అంచుకి రమ్మంటాను.

1. కాలం: పారిజాతం సాయంత్రం విచ్చుకుని తెల్లారేసరికి రాలిపోతుంది. అందుకే రాలిన పూలతోనే పూజ. ఎండాకాలం మొదట్లో ఇప్పపూలు కూడా తెల్లవారుజామునే రాలతాయి, కోయవాళ్లు వెళ్లి ఏరుకుంటారు. 1729లో ఫ్రాన్స్‌లో డి మైరాన్ ఒక మొక్కను చీకట్లో పెట్టి చూశాడు. వెలుగు లేకపోయినా ఆకులు వేళకే విచ్చుకున్నాయి. అంటే గడియారం మొక్క లోపలే ఉంది.

2. శబ్దం: వంగపువ్వులో పుప్పొడి చిన్న రంధ్రాల వెనక దాగి ఉంటుంది. తుమ్మెద పువ్వుని పట్టుకుని ఝుమ్మంటే, ఆ అదురుకి బయటికొస్తుంది. తేనెటీగకి ఈ విద్య రాదు.

కానీ ఒక్కమాట. "మంత్రం వింటే మొక్క రెట్టింపు పెరుగుతుందని సైన్స్ తేల్చింది" అనే ఫార్వర్డ్ వస్తే పంపకండి. ఇంజనీర్‌గా కాదు, భక్తుడిగా చెప్తున్నా. దేవుడికి మన దొంగసాక్ష్యం అక్కర్లేదు.

ఈ వారం సాధన: ఫోన్ పక్కన పెట్టి, ఏదో ఒక పూలమొక్క దగ్గర ఐదు నిమిషాలు మౌనంగా కూర్చోండి.

సర్వం శ్రీకృష్ణార్పణమస్తు.