‘రెస్టారెంటు’ – మాట పుట్టుక, అర్థం, వాడుక

పోయినేడాది నా పుట్టినరోజుకు హాస్టల్ మిత్రులు నన్నొక రెస్టారెంటుకు తీసుకువెళ్ళారు. ఆ రాత్రి ఇంటికి ఫోన్ చేసి ఆ సంగతి సంబరంగా చెప్పాను. అవతల కాసేపు మాట లేదు. తరువాత మా అమ్మ నెమ్మదిగా, “ఏరా, ఆ అలవాటు కూడా మొదలెట్టావా?” అంది.

ఆమె తప్పేమీ లేదు. మా ఊరి నుంచి టౌనుకు పోయే దారిలో ఆ మాట రాసి ఉన్న బోర్డు ఒక్కటే – ‘బార్ అండ్ రెస్టారెంట్’. మా అమ్మ లెక్కలో రెండూ ఒకే సరుకు పేర్లు. నేను తిన్నది రొట్టె, పనీరు కూర అని నమ్మించేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది.

ఫోన్ పెట్టేశాక అసలీ మాటకు అర్థమేమిటని మా గదిలో చర్చ బయలుదేరింది. “రెస్టు తీసుకున్నందుకు రెంటు కట్టే చోటురా, అందుకే రెస్టారెంటు” అన్నాడు ఒక మిత్రుడు. అందరం నవ్వాం. కాని ఎవరికీ అంతకంటె మంచి జవాబు తెలియదు. సైన్సు చదివేవాడికి ఈ భాషాగొడవ ఎందుకని మీరడగవచ్చు. లాబొరేటరీలో ఉప్పును పరీక్షించి అందులో ఏమున్నదో కనిపెట్టేవాడికి, రోజూ నోట్లో నానే మాటలో ఏమున్నదో చూడాలనిపించటం వింతేమీ కాదు. లైబ్రరీలో కూర్చుని నేను తెలుసుకున్నది ఇక్కడ రాస్తున్నాను. ఇందులో నా సొంత సంగతి కూడా ఒకటుంది. దాన్ని దాచుకోను.

మాట పుట్టుక

మా మిత్రుడి రెస్టుకూ ఈ మాటకూ చుట్టరికం లేదు. రెస్టారెంటు ఫ్రెంచి మాట. ఫ్రెంచివారు చివరి ‘ట’ పలకరు. ‘రెస్తోరాఁ’ అన్నట్లు ముక్కుతో ముగిస్తారు. ‘రెస్తోరే’ అనే క్రియకు తిరిగి బాగుచేయుట, పూర్వపు స్థితికి తెచ్చుట అని అర్థం. దాని తల్లి లాటిన్ భాషలోని ‘రెస్తౌరారె’. కూలిన గోడను నిలబెట్టినా, చెడిన వస్తువును బాగుచేసినా అదే మాట. ఇంగ్లీషులో మనం చదివే ‘రిస్టోర్’ కూడా ఆ కుదురుదే. కనుక రెస్టారెంటు అంటే అక్షరాలా ‘తేరుకునేట్లు చేసేది’. మన మాటల్లో చెప్పాలంటే ‘సేదదీర్చేది’.

ఆ సేదదీర్చేది మొదట ఇల్లు కాదు, అంగడీ కాదు. ఒక చారు! కోడి, దూడ మాంసం వంటివాటిని కొద్ది నీళ్ళతో, ఒక్కోసారి నీళ్ళే లేకుండా, గంటల తరబడి సన్నని సెగమీద ఉడికించి తీసిన చిక్కని రసాన్ని ఫ్రెంచివారు రెస్టారెంటు అన్నారు. జబ్బుపడి లేచినవారికి, నీరసించినవారికి దాన్ని పోసేవారు. 1751 నుంచి పారిస్‌లో వెలువడిన దిదెరో, దాలంబేర్‌ల విజ్ఞాన సర్వస్వంలో ఈ మాటను వైద్యానికి చెందిన మాటగానే ఇచ్చారు – బలమిచ్చే మందు అని.

ఇక్కడ నా సబ్జెక్టు సంగతి ఒకటి చెప్పాలి. ఎముకల్లో, కండను పట్టి ఉంచే నరాల్లో కొలాజెన్ అనే ప్రోటీను ఉంటుంది. బాగా మరిగితే అది జెలటిన్‌గా మారి నీళ్ళలో కలుస్తుంది. అందుకే ఆ చారు చల్లారితే ముద్దగా గడ్డకడుతుంది. మాంసంలోని సారమంతా ఇందులోకి దిగిందని ఆనాటివారు నమ్మారు. కాని 1841లో మజాందీ అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడి నాయకత్వాన పనిచేసిన సంఘం కుక్కల మీద ప్రయోగాలు చేసి, జెలటిన్ ఒక్కటే పెడితే ప్రాణి బతకదని తేల్చింది. మన శరీరానికి తప్పనిసరైన ట్రిప్టోఫాన్ అందులో ఉండదు.

అయినా ఆ చారు తాగినవాడు తేరుకున్నాననటం ఉత్త భ్రమ అని కొట్టేయలేం. వేడి నీరు, ఉప్పు – రెండూ నీరసానికి పనికివచ్చేవే. మా ఇంట్లో జ్వరం తగిలితే అమ్మ ఉప్పు వేసిన గంజి పోస్తుంది. 1971లో బంగ్లాదేశ్ యుద్ధకాలంలో బనగాఁవ్ శరణార్థుల శిబిరంలో డాక్టర్ దిలీప్ మహలనబిస్ ఉప్పు, చక్కెర కలిపిన నీళ్ళు తాగించి ఎందరో కలరా రోగులను బతికించారు. పేగుల్లో గ్లూకోజు తోడుంటే ఉప్పు, నీరు త్వరగా లోపలికి పోతాయన్నది అందులోని సూత్రం. గంజిలోని పిండిపదార్థం విరిగితే వచ్చేది కూడా గ్లూకోజే. ఆ లెక్కన పాత ఫ్రెంచి అర్థంలో గంజిని రెస్టారెంటు అనటానికి అభ్యంతరం ఉండకూడదు.

చారు పేరు అంగడికి వచ్చిన వైనం

1765లో బూలాంజె అనే ఆయన పారిస్‌లో చారు అంగడి పెట్టి, కడుపు నొచ్చినవారంతా నా దగ్గరకు రండి, బాగుచేస్తానని బైబిలు మాటల వరసలో బోర్డు కట్టాడనీ, గొర్రె కాళ్ళ వంటకం అమ్మినందుకు వంటవారి సంఘం ఆయనపై దావా వేస్తే గెలిచాడనీ చాలా పుస్తకాల్లో ఉంది. కథ బాగుంది. కాని రెబెకా స్పాంగ్ అనే చరిత్రకారిణి పాత దస్తావేజులు వెతికి, ఆ దావాకు ఆధారమేమీ దొరకలేదని 2000లో వచ్చిన తన పుస్తకంలో రాసింది. ఆధారం దొరికినవాడు మరొకాయన – మతురాఁ రోజ్ ద షాంత్వాజో. ఆయన 1766లో పారిస్‌లో ఇలాంటి అంగడి తెరిచాడు. 1769లో తానే ఊరి వ్యాపారుల చిరునామాల పుస్తకం అచ్చువేసి, అందులో తన అంగడి గొప్పను తానే రాసుకున్నాడు!

అంతకుముందు పారిస్‌లో బయట తిండి దొరకదని కాదు. సత్రాల్లో, భోజనపు ఇళ్ళలో పొడుగాటి బల్ల ఒకటి ఉండేది. చెప్పిన వేళకు అందరూ దాని చుట్టూ కూర్చోవాలి. పెట్టినది తినాలి. చేయి చురుకైనవాడికి మంచి ముక్క, కొత్తవాడికి మిగిలినది. చారు అంగడివారు ఈ పద్ధతిని మార్చారు. నీరసం వేళ చూసి రాదు గదా! అందుకని ఎప్పుడు వచ్చినా పెట్టారు. ఒక్కొక్కరికి చిన్న బల్ల వేశారు. ఏమేమి ఉన్నదీ, ఏది ఎంతో జాబితా రాసి చేతికిచ్చారు. ఆ జాబితాకు పేరు ‘మెనూ’ – చిన్న చిన్న వివరాలు అని దాని మూలార్థం. క్రమంగా చారు వెనక్కు పోయి అన్ని వంటకాలూ వచ్చాయి. చారు పేరు మాత్రం అంగడికి నిలిచిపోయింది.

1789లో ఫ్రెంచి విప్లవం వచ్చి జమీందార్లు పారిపోతే వారి వంటవాళ్ళు రెస్టారెంట్లు పెట్టారని మరో మాట ఉంది. ఇందులో కొంత నిజముంది గాని, మొదటి రెస్టారెంటు విప్లవానికి ఇరవై ఏళ్ళు పెద్దది. విప్లవం తరువాత వాటి సంఖ్య పెరిగింది. 19వ శతాబ్దంలో ఈ మాట ఇంగ్లీషులో స్థిరపడి, అక్కడి నుంచి మనదాకా వచ్చింది.

వాడుకలో ఒక జాగ్రత్త. రెస్టారెంటు నడిపేవాణ్ణి ఇంగ్లీషులో ‘రెస్టారెటర్’ అనాలి. మధ్యలో ‘న’కారం ఉండదు. అది ‘బాగుచేసేవాడు’ అనే మరో రూపం నుంచి వచ్చింది.

మన వాడుక

డబ్బిచ్చి అన్నం తినే ఇల్లు తెలుగువారికి కొత్త కాదు. ‘క్రీడాభిరామం’లో ఓరుగల్లు పట్టణంలోని ఒక పూటకూళ్ళ ఇంట రూక ఇస్తే సన్నబియ్యపు అన్నం, గోధుమ పిండివంట, పెసరపప్పు, అప్పుడే కాచిన నెయ్యి, అరటిపండ్లు, గడ్డపెరుగు పెట్టేవారని ఉంది. గురజాడవారి ‘కన్యాశుల్కం’లో పూటకూళ్ళమ్మను ఎవరు మరువగలరు! పూట, కూడు – రెండూ మన మాటలే. ఒక పూట తినే కూడు అన్నంతలో విషయమంతా ఉంది.

తరువాత హోటలు వచ్చింది. కాఫీ హోటలు, ఉడిపి హోటలు, మాంసం దొరికేది మిలటరీ హోటలు, హైదరాబాదులో ఇరానీ హోటలు. పడుకునే గది కావాలంటే మనం లాడ్జి అంటాం. హోటలంటే మనకు తిండే. విద్యార్థులకు మెస్సు. ఈ వరసలో చివర వచ్చినది రెస్టారెంటు. అందువల్లనో ఏమో పై మెట్టున కూర్చుంది. చల్లగా ఏసీ ఉంటే రెస్టారెంటు, ఫ్యాన్ తిరిగితే హోటలు, ఫ్యాను కూడా తిరగకపోతే మెస్సు! ఇప్పుడు కూర్చునే చోటే లేని వంటగదిని కూడా ఫోన్‌లో రెస్టారెంటనే చూపుతున్నారు.

తమాషా ఏమంటే పుట్టిన చోట వీటి అంతస్తులు తారుమారు. ఫ్రెంచిలో ‘ఓతెల్’ అంటే ప్రభువులు నివసించే పెద్ద భవంతి. రెస్టారెంటు రోగికి పోసే చారు. హోటల్, హాస్టల్, హాస్పిటల్ – మూడూ అతిథిని చెప్పే ఒకే లాటిన్ మాట పిల్లలు. మన దగ్గరకు వచ్చేసరికి భవంతి ఫ్యాను కిందికి దిగింది, చారు ఏసీ గదిలోకి ఎక్కింది.

గుమ్మం దగ్గర

ఇక నా సంగతి. మిరపకాయల సీజనులో మా నాన్న టిక్కీలు వేసుకుని గుంటూరు యార్డుకు వచ్చాడు. రాత్రంతా సరుకు దగ్గరే కాపలా పడుకున్నాడు. పొద్దున కాటా అయ్యాక నేను వెళ్ళి కలిశాను. మంచి రేటు రాలేదు. అయినా, “నువ్వు పుట్టినరోజుకి పోయినట్టాంటి చోటు ఇక్కడుంటే చూపియ్యరా, మీ అమ్మకి చెప్పాల” అన్నాడు. ఆటోలో ఒక రెస్టారెంటుకు తీసుకువెళ్ళాను.

నేను ఆటోవాడికి డబ్బులిస్తూ వెనకబడ్డాను. నాన్న గాజు తలుపు దాకా వెళ్ళి, “బాబూ, అన్నం దొరుకుద్దా?” అని అడిగాడు. పంచెకు ఎర్రటి కారపు దుమ్ము, ఒంటి నిండా మిరప ఘాటు. గుమ్మం దగ్గర యూనిఫారంలో ఉన్న మనిషి, “ఇది హోటలు కాదు పెద్దాయనా, రెస్టారెంటు. అన్నం కావాలంటే ఆ సందులో మెస్సుంది” అన్నాడు. కసరలేదు. మామూలుగానే చెప్పాడు.

నేను మూడడుగుల దూరంలో ఉన్నాను. ఇస్త్రీ చొక్కాలో ఉన్నాను. “ఆయన మా నాన్న, మేమిద్దరం వచ్చాం” అంటే తలుపు తెరిచేవాడే. నా నోరు పెగల్లేదు. నాన్న వెనక్కు తిరిగి, “పదరా, ఆడికే పోదాం” అన్నాడు. మెస్సులో కడుపు నిండా తిన్నాడు. నాకు ముద్ద దిగలేదు.

ఆ తరువాతనే నేను రాజ్యాంగం తెరిచి చూశాను. 15వ అధికరణం రెండవ క్లాజులో మతం, జాతి, కులం, స్త్రీపురుష భేదం, పుట్టిన చోటు కారణంగా ఏ పౌరుణ్ణీ దుకాణాలకు, పబ్లిక్ రెస్టారెంట్లకు, హోటళ్ళకు రాకుండా ఆపరాదని ఉంది. రెస్టారెంటు, హోటలు రెండు మాటలూ వేరువేరుగా రాశారు. ఏ పేరు పెట్టుకున్నా తప్పించుకోరాదని కాబోలు. 1955 నాటి అంటరానితనం నేరాల చట్టం, 1976లో పౌరహక్కుల రక్షణ చట్టంగా పేరు మారినది, ఇంకా ముందుకు పోయింది. అక్కడి గ్లాసులు, పాత్రలు వాడకుండా ఆపినా నేరమే అన్నది. పల్లెల్లో టీ హోటళ్ళలో కొందరికి వేరే గ్లాసు పెట్టిన దేశం మనది. ఆ చట్టంలో హోటలుకు అర్థం చెబుతూ కాఫీ హౌసు, కేఫు, భోజన వసతిగృహం అన్నీ కలిపేశారు. నిఘంటువు చేయలేని పనిని ఒక్కోసారి చట్టం చేస్తుంది.

మా నాన్నను ఆపినది కులం కాదు. దుమ్ముపట్టిన పంచె. దాని మాట ఆ అధికరణంలో లేదు. అక్కడ చట్టం రాదు. పక్కనున్నవాడు నోరు విప్పాలి.

వేసవి సెలవులకు ఇంటికి వెళ్ళినప్పుడు ఈ మాట కథంతా చెప్పాను. “అయితే జొరమొచ్చినప్పుడు నేను పోసేదీ అదేగా” అని అమ్మ నవ్వింది. నాన్న మాత్రం, “ఆ చారు ఎవురికైనా పోసేవోళ్ళా?” అని అడిగాడు. డబ్బిచ్చి కూర్చున్నవాడికి, ఎప్పుడొచ్చినా, విడిగా బల్లవేసి పోసేవారని చెప్పాను. “మరి బానే ఉందిగా” అన్నాడు. గుమ్మం సంగతి ఇద్దరం ఎత్తలేదు.

మిత్రులారా, మాటకు అర్థం పుస్తకంలో ఉంటుంది గాని, దాని విలువ మనం వాడేదాన్ని బట్టి ఉంటుంది. వచ్చే సీజనుకు మా నాన్న మళ్ళీ యార్డుకు వస్తాడు. అదే పంచెతో అదే గుమ్మం దగ్గరకు తీసుకువెళతాను. ఈసారి ఆటో డబ్బులు తరువాత ఇస్తాను. ముందు నేను మాట్లాడతాను.