ఫోర్సైత్‌లో ఇల్లు కొనబోవు మనుమనికి

విశాఖపట్టణము

చిరంజీవి మనుమనికి తాతయ్య ఆశీర్వదించి వ్రాయునది.

నీ ఉత్తరము అందినది. నీవును, అమ్మాయియు, పసిదియు క్షేమముగా ఉన్నారని తెలిసి మీ అమ్మమ్మ మిక్కిలి సంతోషించినది. అట్లాంటా నగరమునకు ఉత్తరమున ఫోర్సైత్ కౌంటీలో, కమ్మింగ్ పట్టణపు చేరువను ఇల్లు చూచితిమనియు, అక్కడి బడులు మంచివనియు, వీధివీధికి మనవారే కనిపింతురనియు, గుడి దగ్గరనియు వ్రాసితివి. అంతవరకు చదివి ఆనందించితిని. ఆ వెనుక రెండు వాక్యములున్నవి. నగరమునకు దగ్గరగా నున్న మరియొక పేటలో ఇల్లు చూడబోగా, అక్కడ నల్లవారు హెచ్చుగా ఉన్నారు గనుక వలదని మిత్రులు వారించిరని మొదటిది. మనవారు ఒక్క తరములోనే చదువుచేత, శ్రమచేత ఇంతటివారైరి గదా, వారు ఇన్ని తరములుగా అక్కడనే ఉండియు ఏల కాలేకపోయిరని రెండవది. ఈ లేఖ ఆ రెండు వాక్యముల నిమిత్తము వ్రాయుచున్నాను. ఇల్లు ఎక్కడ కొనవలెనో చెప్పుటకు నేను పూనుకొనలేదు. కొనబోవు నేల చరిత్ర యెఱిగి కొనుమని మాత్రమే నా కోరిక.

1912వ సంవత్సరము సెప్టెంబరులో ఆ కౌంటీయందు ఒక తెల్ల యువతి ఘోరమైన దాడికి గురియై, కొలది దినములకు మరణించినది. అనుమానముపై పట్టుకొనబడిన నల్లవారిలో రాబ్ ఎడ్వర్డ్స్ అను నతనిని, విచారణ యనుమాట పుట్టకమునుపే, మూక కమ్మింగ్ చెరసాలనుండి ఈడ్చుకొనివచ్చి చంపి, నడియూరిలో వ్రేలాడదీసినది. ఒకడు పదునారేండ్లవాడు, ఒకడు పదునెనిమిదేండ్లవాడు, ఇట్లు మరి యిరువురు నల్లబాలురను హడావుడిగా విచారించి, అక్టోబరులో వేలకొలది జనము చూచుచుండగా ఉరితీసిరి. అంతటితో ఆ ద్వేషము చల్లారలేదు. రాత్రివేళ గుర్రములపై వచ్చిన గుంపులు నల్లవారి ఇండ్లపై తుపాకులు ప్రేల్చి, ప్రార్థనాలయములు తగులబెట్టి, తెల్లవారులోగా పొమ్మని బెదరింపగా, 1910 జనగణనలో 1,098 మందిగా లెక్కకెక్కిన ఆ కౌంటీ నల్లప్రజలు, సొంత పొలములున్న రైతులేమి, కౌలుదారులేమి, ఇండ్లలో పనిచేయువారేమి, దాదాపు అందరును పిల్లలను, చేతికందిన మూటలను తీసికొని ఎల్ల దాటిపోయిరి. కొందరు పొలములను వచ్చిన ధరకు తెగనమ్ముకొనిరి. కొందరు అమ్ముటకైనను వ్యవధి లేక విడిచిపోయిరి. విడిచిన పొలములలో కొన్నింటికి ఏటేట పన్ను కట్టినవారే కొంతకాలమునకు హక్కుదారులైరి. అటుపిమ్మట డెబ్బది యేండ్లకు పైగా అక్కడ నల్లకుటుంబము కాపురముండుట అసాధ్యప్రాయమయ్యెను.

ఇది తాతముత్తాతల నాటి కథ యని నీవనుకొనవచ్చును. 1987 జనవరి 17వ తేదీని, మార్టిన్ లూథర్ కింగ్ అనుచరులలో ఒకడైన హోసియా విలియమ్స్ నూరుమందికి మించని చిన్న బృందముతో ఆ కౌంటీలో సౌభ్రాత్రయాత్రకు పూనుకొనగా, వందలకొలది మంది గుమిగూడి రాళ్లు, సీసాలు రువ్వి వారిని వెనుకకు మరలించిరి. ఆ మరుసటి వారము, 24వ తేదీని, దేశము నలుమూలలనుండి సుమారు ఇరువది వేలమంది, నల్లవారును తెల్లవారును కలసి వచ్చి, సాయుధసైనికుల కాపుదలలో అదే కమ్మింగ్ వీధులలో నడచిరి. కింగ్ సతీమణి కొరెట్టాయు, తరువాత అమెరికా కాంగ్రెసులో పేరుపొందిన జాన్ లూయిస్ మొదలైనవారును అందుండిరి. పిమ్మట అట్లాంటానుండి వచ్చిన పెద్ద రహదారి వెంట కార్యాలయములు, ఇండ్ల సముదాయములు పెరిగినవి. కంప్యూటరు ఉద్యోగములతో మనవారు వచ్చిరి. 2020 జనగణన నాటికి ఆ కౌంటీ జనము రెండున్నర లక్షలు. అందు నూటికి పదునేడు పదునెనిమిది మంది ఆసియావారు. నల్లవారు నూటికి నలుగురో అయిదుగురో. వారెందుకు అంత కొద్దిమంది? మీ మిత్రులకు ప్రశాంతముగా తోచు ఆ పరిసరము వెనుక ఈ చరిత్ర ఉన్నది. మనవారెవ్వరును దానికి బాధ్యులు కారు. తెలిసికొనకుండుట మాత్రము మన యిష్టముపైననే ఆధారపడియున్నది.

ఇక నీ రెండవ ప్రశ్న. దానికి ఉత్తరము చెప్పుటకు ముందు, మనలను ఆ దేశములోనికి రానిచ్చినదెవరో చెప్పవలెను.

స్వేచ్ఛగల తెల్లవారికి మాత్రమే పౌరసత్వార్హత కలదని 1790లో అమెరికా శాసనము చేసినది. అంతర్యుద్ధము ముగిసి దాస్యము రద్దయిన తరువాత, 1870లో, ఆఫ్రికా సంతతివారికి ఆ ద్వారము తెరచిరి. భారతీయులు ఈ రెంటిలో ఎందు చేరుదురో తేలలేదు. భగత్‌సింగ్ థింద్ అను పంజాబీ, మొదటి ప్రపంచయుద్ధములో అమెరికా సైన్యముననే పనిచేసినవాడు, పౌరసత్వమునకై న్యాయస్థానముల కెక్కెను. తాను ఉన్నతకులమునకు చెందిన హిందువుననియు, శుద్ధమైన ఆర్యరక్తము గలవాడననియు, కావున తెల్లవారిలోని వాడనే యనియు అతని పక్షమున వాదము నడచినది. 1923లో ఆ దేశపు సుప్రీంకోర్టు, సామాన్యజనము తెల్లవాడని యెవనిని తలచునో వాడే తెల్లవాడని చెప్పి, ఆ వాదమును త్రోసివేసెను. అంతకుమునుపు పౌరులైన భారతీయుల పౌరసత్వమును కూడ ప్రభుత్వము లాగికొనసాగెను. నాయనా, ఈ వ్యాజ్యమును నీవు శ్రద్ధగా చదువవలెను. ఆ దేశములో మనవారు గౌరవము కోరిన తొలి మార్గములలో ఒకటి, తెల్లవారి పంక్తిలో మాకును ఒక పీట వేయుడని అడుగుట. ఆ పీటకై చూపిన అర్హత కులము. అది చెల్లలేదు. చెల్లినను, ఆ పంక్తికి వెలుపల నిలిచినవారిని మనము కన్నెత్తి చూచియుండెడివారము కాము.

ఆ తీర్పు వెలువడిన కాలముననే మన భీమవరమున పుట్టిన ఎల్లాప్రగడ సుబ్బారావు బోస్టను చేరి, రాత్రులు ఆసుపత్రిలో చిల్లరపనులు చేయుచు చదివి, హార్వర్డులో పరిశోధించి, తరువాత లెడర్లీ ప్రయోగశాలలో లోకమునకు ప్రాణదానము చేసిన మందులకు కారకుడయ్యెను; అంతటి మేధావికిని చిరకాలము ఆ దేశపు పౌరుడగు అవకాశము చట్టము ఈయలేదు. 1946లో చట్టము సడలిన పిమ్మట పౌరసత్వపు అర్హత కలిగినది గాని, ఆయన విదేశీయుడుగనే ఉండి 1948లో గతించెను. ఆ 1946 చట్టము కూడ భారతదేశమంతటికి సంవత్సరమునకు నూరుగురిని మాత్రమే అనుమతించినది. అదే నియమము నిలిచియున్నచో నేను గాని నీవు గాని ఆ గడప త్రొక్కియుండము.

దానిని మార్చినది 1965. మాంట్‌గోమరీ నగరమున బస్సులు విడిచి సంవత్సరమునకు పైగా కాలినడకను పోయిన నల్ల స్త్రీపురుషులు, భోజనశాలలలో దెబ్బలు తినుచు కూర్చున్న విద్యార్థులు, ఓటడిగినందుకు నెత్తురోడినవారు సాధించినది 1964 నాటి పౌరహక్కుల చట్టము, 1965 ఆగస్టునాటి ఓటుహక్కు చట్టము. మనుష్యుని పుట్టుకనుబట్టి హక్కులు పంచుట తప్పని స్వదేశములో ఒప్పుకొనిన ప్రభుత్వము, వచ్చువారిని దేశమునుబట్టి వేరుచేయుటను ఏ ముఖముతో సమర్థించుకొనగలదు? సోవియట్ దేశముతోడి పోటీలో లోకముయెదుట పరువు నిలుపుకొనవలసిన అవసరమును తోడైనది. ఆ అక్టోబరు 3న కొత్త వలసచట్టముపై అధ్యక్షుడు జాన్సన్ సంతకము చేసెను. తూర్పు అర్ధగోళములోని ఒక్కొక్క దేశమునకు ఏటికి ఇరువది వేలవరకు అవకాశము కలిగినది. నేను ఆంధ్ర వైద్యకళాశాల పట్టాతో అట్లాంటాలో దిగినది ఆ చట్టపు పుణ్యమున. థింద్ ఎక్కిన న్యాయస్థానము ఈయనిదానిని, మన ముఖములనైనను ఎఱుగని నల్లవారి పోరాటము మనకిచ్చినది.

ఆ చట్టము కుటుంబసంబంధములతోపాటు వైద్యులు, ఇంజనీర్లు, శాస్త్రజ్ఞులకు ప్రత్యేకస్థానమిచ్చినది. అనగా మనము అక్కడ కాలుమోపక పూర్వమే జల్లెడ పట్టబడితిమి. నా చదువునకు మన పేదదేశపు ప్రజలు పన్నులు కట్టిరి. నీ చదువునకు మీ నాన్న పొలము అమ్మెను. అట్లు ఏరిన గింజలను తెచ్చి, రెండున్నర శతాబ్దములు జీతము లేక దాస్యము చేసి, విముక్తి పిమ్మట మరి నూరేండ్లు వేరు బడి, వేరు బావి, వేరు బండిపెట్టె అని వెలివేయబడిన ఒక జనసముదాయమంతటి ప్రక్కను పెట్టి తూచుట న్యాయమా? 1930ల దశకములో కేంద్రప్రభుత్వ గృహఋణసంస్థ నగరములకు పటములు వేయించి, నల్లవారి పేటలకు ఎఱ్ఱరంగు పూయించెను. అట్లాంటాకును అట్టి పటము ఉన్నది. ఆ రంగు పడిన చోట ఇంటికి అప్పు పుట్టుట దుర్లభమయ్యెను, పుట్టినను దుర్భరమైన వడ్డీ. అమెరికాలో సామాన్యకుటుంబము ఆస్తి కూడబెట్టుట ప్రధానముగా సొంతయింటివలననే. బడులకు వచ్చు ధనములో పెద్దభాగము ఇంటిపన్నులనుండియే. కావున ఇల్లు లేనివానికి ఆస్తి లేదు, ఇండ్లకు విలువ లేని పేటకు మంచి బడి లేదు. నీ మిత్రులు వలదన్న పేట యట్లుండుటకును, నీవు మెచ్చిన బడి యిట్లుండుటకును మూలము ఒక్కటియే.

అట్లని అక్కడ భయపడవలసినది ఏమియు లేదని నేననను. పేదరికము పేరుకొన్నచోట నేరమును పెరుగును. పసిపిల్ల తండ్రివి, జాగ్రత్త వలదనుటకు నేనెవడను? జాగ్రత్త వీధినిబట్టి, వేళనుబట్టి ఉండవలెను గాని మేనిరంగునుబట్టి ఉండరాదు.

నేను పనిచేసిన వైద్యశాలలో నాకు పని నేర్పినవారు ముందుగా నల్ల నర్సులు. నా ఉచ్చారణ రోగులకు అర్థము కానప్పుడు నా మాటను వారికి చెప్పి, వారి మాటను నాకు చెప్పినవారు వారే. ఆ నగరపు పెద్ద ప్రభుత్వాసుపత్రి గ్రేడీ 1965 వరకును తెల్లవారికొక విభాగము, నల్లవారికొక విభాగముగా నడచినది, శిక్షణయును వేర్వేరుగనే. అట్టి కాలములో చదివి, అట్టి వార్డులలో పనిచేసి వచ్చిన ఆ స్త్రీలు, నిన్నగాక మొన్న వచ్చి తమపై అధికారము చెలాయించు విదేశీయువకునియెడ చూపిన ఔదార్యమును నేను మరువలేను.

మనము మంచివారము, చదువుకొన్నవారము గనుక ద్వేషము మన జోలికి రాదని నమ్మువారున్నారు. 2017 ఫిబ్రవరిలో కాన్సస్ రాష్ట్రపు ఒలేతా పట్టణమున, పని ముగించుకొని మిత్రునితో కూర్చున్న మన తెలుగు ఇంజనీరును, మా దేశము విడిచిపొమ్మని కేకలువేసి, ఇరానువాడనుకొని ఒక తెల్లవాడు కాల్చి చంపెను. అతని వీసాను, పట్టాను ఆ తుపాకి చూడలేదు. అడ్డుపడబోయి గుండు తగిలించుకొన్న మరియొక మనుష్యుడును తెల్లవాడే. అతనిని కూడ జ్ఞాపకముంచుకొనుము.

నాకు ఎక్కువ దుఃఖము కలిగించునది మన ఇండ్లలోని మాట. అక్కడి తెలుగువారి విందులలో పిల్లలు వినుచుండగా నల్లవారిని గూర్చి పలుకు హీనపు మాటలు నేను విన్నాను. అవే నోళ్లు మన యూరి దళితవాడను గూర్చి ఏ మాటలు పలికెడివో అవియు విన్నాను. రెండును ఒక్క స్వరమే. అక్కడ తెలుగు సంఘములు కులములవారీగా చీలినవని తెలియనిదెవరికి? 1959లో కింగ్ మన దేశమునకు వచ్చి తిరువనంతపురమున ఒక దళిత విద్యార్థుల పాఠశాలకు పోగా, అచటి ప్రధానోపాధ్యాయుడు ఆయనను అమెరికానుండి వచ్చిన అస్పృశ్యసోదరుడని పిల్లలకు పరిచయము చేసెను. ఆయన తొలుత కొంత నొచ్చుకొని, పిదప తన దేశములోని కోట్లాది నల్లవారి స్థితి తలచుకొని, అవును, నేనును అస్పృశ్యుడనే, నాదేశపు నల్లవాడు ప్రతివాడును అస్పృశ్యుడే యని తనలో తాననుకొనెనట. ఈ సంగతి ఆయన స్వయముగా 1965లో అట్లాంటాలోని ఎబినీజరు ప్రార్థనాలయమున చెప్పినాడు. ఆ ఆలయము మీకు గంట ప్రయాణములోపు. 1964లో మన రామమనోహర్ లోహియా మిసిసిపీలోని జాక్సను నగరమున, తెల్లవారికే పరిమితమైన భోజనశాలలో ప్రవేశించుటకై పట్టుపట్టి అరెస్టు అయ్యెను. మనవారిలో అట్టివారును ఉన్నారు. పిల్లకు వారిని గూర్చి చెప్పుము.

మీ కార్యాలయమున దీపావళికి అందరికి మిఠాయిలు పంచితిమని, హోలీకి అన్ని జాతులవారు వచ్చిరని వ్రాసితివి. మంచిది. కాని పండుగనాడు పలుకరించినవారు మామూలునాడు మీ యింటి బల్లకడ కూర్చుందురా, వారింటికి మీరు పోవుదురా? వారింటి పెండ్లికి, వారింటి చావునకు పోయిన నాడే స్నేహమని నేనందును. దయచూపుచున్నామను భావముతో మాత్రము పోకుము. వారికి నీ దయతో పనిలేదు. పొరుగువానివలె పొమ్ము. పిల్ల రేపు నల్లపిల్లను స్నేహితురాలని ఇంటికి తెచ్చిన, అమ్మాయి గడపలో ఒక్క క్షణము తటపటాయించినను ఆ పసిది పట్టివేయును.

కమ్మింగ్ నడియూరిలో, రాబ్ ఎడ్వర్డ్స్ చంపబడిన చోటికి దగ్గరగా, 2021లో ఒక ఫలకము నిలిపిరి. ఇల్లు కొన్నను కొనకపోయినను దానిని చదివి రమ్ము.

కొన్నచో మరియొక పని. ఓటుహక్కు వచ్చిననాడు కౌంటీ ఎన్నికలలో తప్పక ఓటువేయుము. అంతవరకును బహిరంగసభలకైనను పోవుచుండుము, ఇండ్లను, బడులను గూర్చిన నిర్ణయములు అక్కడనే జరుగును. ఆ చుట్టుపట్ల తక్కువ అద్దెకు దొరకు ఇండ్లు కట్టెదమని ఎవరైన రాగా, రద్దీ పెరుగును, ఇండ్ల విలువ తగ్గును, బడి చెడును అని వలదనుచు పొరుగువారు సంతకములు సేకరించుచు మీ యింటికిని వత్తురు. వారిలో మనవారును ఉందురు. వారు చెప్పు కారణములలో నిజమైనవి ఉండవచ్చును, వినుము. అయితే ఆ ఇండ్లు లేకపోయినచో ఆ కౌంటీలోనికి రాలేకపోవువారు ఎవరెవరో వారినే అడిగి తెలిసికొని, అటుపిమ్మట నీ కలము తీయుము.

మీ అమ్మమ్మ పసిదానికి దీవెనలు పంపుచున్నది. సంక్రాంతికి వత్తురని ఎదురుచూచుచున్నాము.

ఇట్లు,
ఆశీస్సులతో,
మీ తాతయ్య